నాలుగు సెంట్లు

ఆసామి పోయి ఈ గురువారానికి పన్నెండు రోజులు. మా వీధి మలుపులో, ఎరువుల కొట్టు పక్కన ఫ్లెక్సీ కట్టారు. అందులో తెల్ల చొక్కా వేసుకుని, చేతులు జోడించి నవ్వుతున్నాడు. ఆయన చేతులు జోడించగా నేనెన్నడూ చూడలేదు. ఎవరైనా నమస్కారం పెడితే గొడుగు కాస్త పైకెత్తేవాడు, అంతే. నవ్వగా కూడా చూడలేదు. వయసు డెబ్బై ఎనిమిది అని వేశారు. అదీ తప్పే. మా చిన్నాన్నా ఆయనా ఒకే బల్ల మీద కూర్చుని చదువుకున్నారు. ఎనభై ఒకటి నిండాయి. బొమ్మ కింద 'మాట తప్పని మనిషి' అని పెద్ద అక్షరాలతో రాయించారు. మాటంటూ ఇస్తే కదా, తప్పడానికి.

మా వైపు నేల ఎక్కువున్న రైతును ఆసామి అంటారు. ఊళ్ళో అలాంటివాళ్ళు నలుగురైదుగురు ఉండేవాళ్ళు గానీ, ముందు ఏ పేరూ తగిలించకుండా ఆసామి అంటే ఈయనే. పేరు రాయను. తెలిసినవాళ్ళకు అక్కర్లేదు, తెలియనివాళ్ళకు ఉపయోగం లేదు.

నేను చిలకలూరిపేటలో ఒక జిన్నింగు మిల్లులో ముప్ఫై ఒక్కేళ్ళు కాటా దగ్గర గుమాస్తాగా పనిచేసినదాన్ని. పత్తి లోడు లోపలికి వచ్చేటప్పుడు ఒక తూకం, దింపి వెళ్ళేటప్పుడు ఇంకో తూకం, మధ్య తేడా రాయడం నా పని. ఆసామిని దగ్గరగా చూసింది మొదట అక్కడే. మిగతా రైతులు ట్రాక్టరు దిగగానే ఆఫీసు గదిలోకి వెళ్ళి, "ఇవాళ రేటెంతండీ?" అనేవాళ్ళు. ఈయన బయటే నిలబడేవాడు. మేనేజరే వచ్చి, "ఎంతకిస్తారండీ?" అని అడిగేవాడు.

"మీరెంతకి తీసుకుంటారు?"

"మీ సరుకు కదండీ, మీరే చెప్పాలి."

"మీ డబ్బు కదా, మీరే చెప్పాలి."

ఎండలో అరగంట నిలబడినా సరే, అంకె ఆయన నోట ముందు వచ్చేది కాదు. ఫోన్లో కూడా అంతే. బొత్తాల ఫోను ఒకటి ఉండేది. మోగితే ఎత్తి చెవి దగ్గర పెట్టుకుంటాడే గానీ హలో అనడు. అవతలివాళ్ళే రెండుసార్లు హలో హలో అనుకుని, ఉన్నాడో లేడోనన్న అనుమానంతోనే విషయం చెప్పుకోవాలి.

మిరపకాయ కొనేవాళ్ళు కాయను విరిచి చూస్తారు, వాసన చూస్తారు. ఆయన చెవి దగ్గర పెట్టుకుని ఆడించేవాడు. లోపల గింజలు గలగలమంటే ఎండినట్టు. మనుషులతో కూడా అదే పద్ధతి. చెవి పెట్టి వినేవాడు, ఎవరిలో ఎంత తడి ఉందో తెలుసుకునేదాకా మాట్లాడేవాడు కాదు.

మా తమ్ముడు ఆయన దగ్గర రెండెకరాలు కౌలుకు చేశాడు. పద్నాలుగేళ్ళు. రేగడి నేల, ఊరికి దగ్గర, పక్కనే బండ్లు పోయే డొంక. మొదటి రెండేళ్ళూ పత్తి, తర్వాతంతా మిరప. కౌలుకు కాగితం లేదు. కౌలు కార్డుకు ఆసామి సంతకం కావాలి. అది ఉంటేనే బ్యాంకులో పంట అప్పు, పంట పోతే పరిహారం. తమ్ముడు ఏటా కాగితం పట్టుకుని వెళ్ళేవాడు, ఏటా అలాగే తిరిగి వచ్చేవాడు.

"సంతకం పెడితే నాలుగో ఏడు నేల నాదంటావురా," అనేవాడు ఆయన.

"నేనెందుకంటా బాబాయ్?"

"నువ్వనవు. నీ చేత అనిపిస్తారు."

గులాబీ పురుగు పత్తిని తిన్న ఏడు పరిహారం వచ్చింది. ఆసామి పేర వచ్చింది. అందులోంచి తమ్ముడికి ఒక్క రూపాయి ఇవ్వలేదు. అలాగని దాచుకోనూ లేదు. నలుగురిలో, "అవును, నా ఖాతాలో పడింది," అని చెప్పాడు. ఆయనలో నాకు ఒళ్ళు మండించేది ఇదే. అబద్ధం ఆడి ఉంటే తిట్టుకోవడానికి సుఖంగా ఉండేది.

కౌలు కట్టడానికి తమ్ముడి వెంట నేనూ వెళ్ళేదాన్ని. అలా వెళ్ళినప్పుడే ఆయన నేల అమ్మే తీరు ఒకసారి కళ్ళారా చూశాను. ఆయనకు ఇద్దరు కూతుళ్ళు, ఇద్దరూ ఒంగోల్లో ఉంటారు, సేద్యం చేసేవాళ్ళు లేరు. అందుకని రెండు మూడేళ్ళకోసారి కాస్త నేల అమ్మేవాడు. ఆ రోజు పిడుగురాళ్ళ నుంచి సున్నపు బట్టీల యజమాని ఒకాయన వచ్చాడు. వసారాలో ఎదురెదురుగా కూర్చున్నారు. ఆసామి భార్య ఇద్దరి ముందూ మజ్జిగ గ్లాసులు పెట్టి లోపలికి వెళ్ళింది. ఆ ఇంట్లో బేరానికి పద్ధతి అది. బేరం కుదిరితే ముందు ఆసామి తాగుతాడు, తర్వాత అవతలి మనిషి. ఆయన గ్లాసు ఖాళీ అయిందంటే ఇక కాగితం ఉన్నా లేకపోయినా ఒకటే, తిరుగులేదు. తాగకపోతే బేరం లేనట్టు. మజ్జిగ అలాగే గేదె కుడితిలోకి పోయేది.

గంటసేపు సాగింది. చివరికి ఆసామి ఎకరం పన్నెండున్నర లక్షలన్నాడు. బట్టీ ఆయన తొడ చరిచి, "సరేనండీ, పన్నెండున్నరే!" అన్నాడు. ఆసామి గ్లాసు ఎత్తాడు. గడ్డం దాకా వచ్చింది. "రిజిస్ట్రేషన్ ఖర్చులు మాత్రం మీరు పెట్టుకోవాల," అన్నాడు బట్టీ ఆయన. గ్లాసు మళ్ళీ నేల మీదికి వెళ్ళిపోయింది.

"అయితే కాదన్నారన్నమాట."

"అదేందండీ! సరే అన్నాగా!"

"సగం గేదెను తోలుకుపోతానంటే ఎట్టాగండీ? తోలుకుపోతే మొత్తం తోలుకుపోవాల, లేకపోతే తాడు వదిలెయ్యాల."

"సర్లెండి, ఖర్చులు నేనే పెట్టుకుంటా. పన్నెండున్నరకే ఖాయం చెయ్యండి."

"ఆ మాట మీరు కాదన్నారుగా, అది పోయింది. ఇప్పుడు పదమూడు."

బట్టీ ఆయన హాస్యమనుకుని నవ్వాడు. ఎదుటివాడు నవ్వకపోయేసరికి ఆపేశాడు. ఆ మధ్యాహ్నమే పదమూడుకు ఒప్పుకున్నాడు. ఆసామి గ్లాసు ఎత్తి గటగటా తాగేశాడు. నేను కొంగు అడ్డం పెట్టుకుని నవ్వుకున్నాను. దారిలో తమ్ముడితో, "లెక్క తెలిసిన మనిషిరా," అన్నాను కూడా.

మూడేళ్ళ కిందట, కల్లాల్లో కాయ ఎండుతున్న రోజుల్లో, ఒక సోమవారం ఆయనే తమ్ముడింటికి వచ్చాడు. మిల్లు పని మానేశాక నేనూ అక్కడే ఉంటున్నాను. బేరానికి ఇంకొకరి గుమ్మం ఎక్కడం ఆయనకు అలవాటు లేదు. పది గంటల ఎండ. గొడుగు మడిచి అరుగు మీద కూర్చున్నాడు. వాకిట్లో ఆరబోసినవాటిలోంచి ఒక కాయ తీసి చెవి దగ్గర ఆడించి మళ్ళీ కుప్పలో వేశాడు. మా మరదలు మజ్జిగ తెచ్చి పెట్టింది.

అప్పుడు జరిగింది, అంతవరకూ నేను చూడనిది. అంకె ఆయనే ముందు చెప్పాడు.

"రెండెకరాలూ అమ్మేస్తున్నా. ఎకరం పదిహేను, మొత్తం ముప్ఫై. వచ్చే అమావాస్య దాకా మీకే. ఆ తర్వాత నా ఇష్టం."

అమావాస్య ఆ పై వారం బుధవారం. తొమ్మిది రోజులు. ముప్ఫై లక్షలు మాకు సిద్ధంగానే ఉన్నాయి. పేటలో నా ఇంటిస్థలం అమ్మిన డబ్బు, మిల్లు నుంచి వచ్చిన ఫండు, తమ్ముడు దాచినది, పైన మరదలి బంగారం. ఆ నేల కోసమే ఆ స్థలం అమ్మాను. తమ్ముడి పేర రాయిస్తే ఇక వాడు ఎవరి సంతకం కోసమూ తిరగక్కర్లేదు. వాడు నా మొహంలోకి చూస్తున్నాడు. ఆసామి గ్లాసు చేతిలోకి తీసుకున్నాడు.

నా సంచిలో కొలతల కాగితం ఉంది. అంతకుముందు ఏడు గట్టు తగాదా వచ్చినప్పుడు సర్వేయరును పిలిచి కొలిపించాను. పాస్‌బుక్కులో రెండెకరాలు. నేల మీద ఎకరం తొంభై ఆరు సెంట్లు. డొంక వెడల్పు చేసినప్పుడు నాలుగు సెంట్లు అందులో కలిసిపోయాయి. లేని సరుకుకు తూకం రాయడం నాకు చేతకాదు.

"సరేనండీ," అన్నాను. "కొలత ప్రకారం నాలుగు సెంట్లు తక్కువుంది. సెంటు పదిహేను వేల లెక్కన అరవై వేలు తీసేసి, ఇరవై తొమ్మిది లక్షల నలభై వేలకు రాసుకుందాం."

ఆయన గ్లాసు కింద పెట్టాడు. చప్పుడు కూడా కాలేదు.

"గుమాస్తా గారూ, పాస్‌బుక్కులో రెండుంది."

"నేల మీద లేదండీ."

"నేను నేల అమ్ముతున్నానమ్మా, టేపు కాదు."

"నేను నేలే కొంటున్నానండీ, పాస్‌బుక్కు కాదు."

మరదలు వెనకనుంచి నా భుజం పట్టుకుంది. "వదినా, పోనీలే వదినా, అరవై వేలేగా."

"నువ్వుండమ్మాయ్."

ఆసామి గొడుగు అందుకున్నాడు. "మంచిదమ్మా," అని లేచి, గొడుగు విప్పుకుని వెళ్ళిపోయాడు. ఆ మంచిది అన్న మాటకు, ఆలోచించి చెబుతానని నేను అర్థం చేసుకున్నాను. మజ్జిగ గ్లాసు అరుగు మీద నిండుగా ఉంది. బట్టీ ఆయన్ని చూసి నవ్వినదాన్ని, ఆ గ్లాసును చూస్తూ కూర్చుని కూడా నాకేమీ తోచలేదు. ఇంకా తొమ్మిది రోజులున్నాయి, ఆయనే దిగివస్తాడు అనుకున్నాను.

మంగళవారం, బుధవారం ఎదురుచూశాను. గురువారం తమ్ముడు అన్నం ముందు కూర్చుని, "అక్కా, నాలుగు సెంట్లలో ఎన్ని మొక్కలు పడతాయే? నేను లేవనుకుంటా. ముప్ఫైకి ఒప్పేసుకుందాం," అన్నాడు. "డబ్బు మాట కాదురా, న్యాయం మాట," అన్నాను. శనివారం రాత్రి మరదలు ఏడ్చింది. ఆదివారం పొద్దున్నే నేనే వెళ్ళాను.

ఆసామి వసారాలో పేపరు చదువుకుంటున్నాడు.

"మీరు చెప్పిన ముప్ఫైకే తీసుకుంటామండీ. కొలత మాట వదిలేస్తున్నా."

"శుక్రవారమే ఇచ్చేశానమ్మా. డొంక అవతలి పత్తి మిల్లువాళ్ళకి. అగ్రిమెంటు కూడా అయింది."

"అమావాస్యకు ఇంకా మూడు రోజులుందండీ!"

"ఉంది. గడువు ఒప్పుకునేవాళ్ళకి. మీరు సోమవారమే కాదన్నారు."

"నేను కాదనలేదు. సరే అన్నాను."

"మీ ధరకి మీరు సరే అన్నారు. నా ధరకి అనలేదుగా."

పేపరు మళ్ళీ ఎత్తాడు. నేను ఆ మెట్ల మీద ఎంతసేపు నిలబడ్డానో తెలియదు. టైము చూసుకోకుండా నేను గడిపిన సమయం అదొక్కటే.

నరసరావుపేటలో ఒక లాయరు దగ్గరికి వెళ్ళాను. తేదీలన్నీ వరసగా రాసుకున్న కాగితం ఇచ్చాను. ఆయన చదివి, కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు.

"ఆయన చెప్పింది చెప్పినట్టు ఒప్పుకుని ఉంటే ఒప్పందం అయ్యేదమ్మా. నోటిమాటైనా పోరాడేవాణ్ణి. మీరు ధర మార్చారు. మార్చగానే ఆయన మాట చచ్చిపోయింది, మీ మాట పుట్టింది. మీ మాటకు ఆయన ఒప్పుకోలేదు. ఆదివారం మీరు వెళ్ళి ఒప్పుకున్నారే, అది చచ్చిపోయిన మాటని."

"మరి గడువు?"

"బయానా ఏమన్నా ఇచ్చారా గడువు కోసం?"

"లేదండీ."

"అయితే అది ఉత్త మర్యాద. దాని మీద కోర్టుకి పోలేం."

చదువుకున్న లాయరు చెప్పిందీ, గేదెలూ తాళ్ళూ అంటూ ఆసామి వసారాలో చెప్పిందీ ఒకటే. ఇదివరకే ఉచితంగా విన్న పాఠం ఇంకోసారి విని బస్సెక్కాను.

ఆ నేలలో ఇప్పుడు మిల్లువాళ్ళ గోడౌను ఉంది. ఎకరం పదిహేడు లక్షలకు కొన్నారని ఊళ్ళో అందరికీ తెలుసు. తమ్ముడు ఆరు కిలోమీటర్ల అవతల ఎక్కువ కౌలుకు నేల పట్టాడు. రెండేళ్ళు వరసగా నల్ల తామర పురుగు పడి పూత మాడిపోయింది. నేల కొనడానికని తీసిపెట్టిన మరదలి బంగారం పురుగుమందుల కొట్టుకు పోయింది. నా డబ్బు కూడా చాలావరకు అక్కడికే పోయింది. యాభై ఎనిమిదేళ్ళ వయసులో వాడు తెల్లారుజామున లేచి, మోపెడ్ మీద మందు డబ్బాలు కట్టుకుని అంత దూరం పోతాడు. ఎదురుపడిన ప్రతివాడికీ ఆసామి చేసిన మోసం చెప్పేవాడు. నేనూ చెప్పేదాన్ని. తేదీలతో సహా.

నాలుగు నెలల కిందట ఆసామి పక్షవాతం వచ్చి మంచాన పడ్డాడని తెలిసి వెళ్ళాను. పరామర్శకు కాదు. ఒక సంగతి అడిగి తేల్చుకుందామని. కుడి చెయ్యి పడిపోయింది. మాట ముద్దగా వస్తోంది గానీ అర్థమవుతోంది.

"ఆ రోజు నిజంగా మాకు అమ్ముదామనే వచ్చారా? లేక మమ్మల్ని చూపించి వాళ్ళ దగ్గర ధర పెంచుకున్నారా?"

"వాళ్ళు అప్పటికే పదిహేడన్నారు."

"ఎప్పుడు?"

"మీ దగ్గరికి రాకముందే. మీ వాడు పద్నాలుగేళ్ళు చేశాడు. గట్టు మీద గడ్డిపోచ ఉంచలా. అందుకని మీకు పదిహేనన్నా."

నాకు కోపం ఆగలేదు. "ఆ మాట అప్పుడే చెప్పొచ్చుగా! వాళ్ళు పదిహేడంటున్నారని!"

"చెబితే నమ్మేవారా గుమాస్తా గారూ? ధర పెంచడానికి కోతలు కోస్తున్నాడనేవారు."

అనేదాన్నే.

"పోనీ మర్నాడు మళ్ళీ వచ్చి అడగొచ్చుగా?"

"కాదన్నవాళ్ళ గుమ్మం మళ్ళీ ఎక్కను," అన్నాడు, ఆ ముద్ద మాటతోనే, ఎప్పటి బిగింపుతోనే. పడిపోయిన చేతిని ఎడమ చేత్తో ఎత్తి పొట్ట మీద పెట్టుకుని కళ్ళు మూసుకున్నాడు.

నేను నమ్మలేదు. నేరుగా మిల్లుకు వెళ్ళాను. ఆ నేల కొన్నాయన నా కాటా రోజుల నుంచి తెలిసినవాడే. అగ్రిమెంటు తీసి చూపించాడు. ఎకరం పదిహేడు, రెండెకరాలకు ముప్ఫై నాలుగు. స్టాంపు కాగితం వెనక దాన్ని అమ్మిన వెండరు ముద్ర, కాగితం కొన్న తేదీ ఉన్నాయి. ఆసామి మా అరుగు ఎక్కిన సోమవారానికి మూడు రోజుల ముందు తేదీ.

"ముందే కొని పెట్టుకున్నాం గానీ, ఆయన సంతకం పెట్టలా," అన్నాడు. "ముందు ఇంకొకళ్ళకి చెప్పాల, వాళ్ళు కాదంటే మీకే అన్నాడు. ఎవరో ఏందో చెప్పలా. రేటు పెంచడానికేమో అనుకున్నాం మేమైతే. పెంచలా."

"నేల కొలిపించారా?"

"లేదు."

"నాలుగు సెంట్లు తక్కువుంది."

"ఉంటే ఉండనీయండి. నాలుగు సెంట్లకి ఎవరు కొలుస్తారమ్మా?"

అరవై వేల కోసం నేను నాలుగు లక్షల మర్యాద కాదన్నాను. ఆ మర్యాద చేసినవాడు దాన్ని ఒక్క మెత్తని మాటతో చెప్పి ఉంటే అందేది. కౌలు కార్డు మీద సంతకం పెట్టని మనిషి, పరిహారంలో రూపాయి విదల్చని మనిషి, జన్మకోసారి మంచి చెయ్యబోయి, దాన్ని కూడా బేరంలా చేశాడు. ఆయన్ని క్షమించలేదు నేను. కానీ మోసగాడన్న మాట ఇక నా నోట రాకూడదు.

వచ్చింది. ఆయన పోయిన రోజు సాయంత్రం తమ్ముడు మోపెడ్ దిగకుండానే, "పోయాడక్కా మోసగాడు," అన్నాడు. "మనల్ని పదిహేనని ఊరించి, వెనక పదిహేడుకి అమ్ముకున్నాడు. మన ఉసురు ఊరికే పోలా." వాడి చొక్కా నిండా మందు వాసన. ఆ మోసమే లేకపోతే వాడు తిట్టుకోవడానికి మిగిలేది నేనే.

"అవున్రా," అన్నాను.

తమ్ముడు పత్రికలు చదవడు. మరదలు చదువుతుంది, మధ్యాహ్నం అన్నాలయ్యాక, ప్రకటనలతో సహా. నాలుగు నెలలుగా ఆ పిల్ల మొహం చూసి చెప్పలేక ఈ పత్రికకు ఇలా రాస్తున్నాను. అమ్మాయ్, ఆయన మనల్ని మోసం చెయ్యలేదు. ఆ నేల పోగొట్టింది నేను. వాడికి నువ్వే చెప్పు.